అమెజాన్ నది చూడ్డానికి పిల్లాడితో వెళ్లొచ్చా? పిరానా, అనకొండ భయాలు ఎంతవరకు నిజం?

నీలవేణి_కె
మావారు ఫార్మా ఉద్యోగం మీద బ్రెజిల్‌లోని సావో పౌలోలో ఉన్నారు. డిసెంబర్ సెలవులకు నేను, మా అబ్బాయి (తొమ్మిదేళ్లు), అత్తయ్యగారు (64) అక్కడికి వెళ్తున్నాం. అక్కణ్నుంచి విమానంలో మానౌస్ వెళ్లి కొన్నాళ్లు అమెజాన్ చూద్దామని ఆయన ప్లాన్. ఈ మాట బయటికి పొక్కిన దగ్గర్నుంచీ చుట్టాలందరూ తలా ఒక వీడియో పంపిస్తున్నారు. ఒకదాంట్లో చేపలు ఆవుని నిమిషంలో ఎముకలగూడు చేసేస్తాయి, ఇంకోదాంట్లో పాము జీపుని చుట్టేసింది. మా ఆడపడుచైతే "పిల్లాణ్ని తీసుకెళ్లే చోటేనా అది" అని ఫోన్ పెట్టేసింది. నిజంగా వెళ్లినవాళ్లు, అక్కడ ఉంటున్నవాళ్లు చెప్పండి. దేనికి భయపడాలి, దేనికి అక్కర్లేదు?

గోదారోడు
ఆ జీపు పాము పోయినేడాది పాపికొండల్లో దొరికిందని మా గ్రూపులో తిరిగింది. అంతకుముందు శ్రీశైలంలో. పాపం దానికి టీఏ, డీఏ ఎవరిస్తున్నారో.

మానౌస్_మూర్తి
నేను మానౌస్‌లోనే ఉంటాను, ఇక్కడి పారిశ్రామిక వాడలో బైకుల ఫ్యాక్టరీలో పని. నీలవేణి గారూ, నిశ్చింతగా రండి. ఇక్కడి పిల్లలు బడి వదలగానే వెళ్లి నదిలో దూకుతారు. ఆ నీళ్లలో పిరానాలు ఉండవని కాదు, ఉంటాయి. టూరిస్టులకు చిన్న మాంసం ముక్క గుచ్చిన గాలం ఇచ్చి వాటినే పట్టిస్తారు, సాయంత్రం వేయించి పెడతారు. ముళ్లు ఎక్కువ, రుచి పర్వాలేదు. గాలం నుంచి విడిపించేటప్పుడు మాత్రం వేలు జాగ్రత్త, ఇక్కడ నేను చూసిన పిరానా కాట్లన్నీ పడవలోనే జరిగాయి.

ఆవు కథ అమెరికా మాజీ అధ్యక్షుడు థియోడర్ రూజ్వెల్ట్ వల్ల ప్రచారంలోకి వచ్చింది. 1913-14లో ఆయన ఇటు వచ్చినప్పుడు స్థానికులు ఏటిలో కొంత భాగానికి వల కట్టి, పిరానాలను చాలా రోజులు ఆకలితో మాడ్చి, అప్పుడు ఆవుని దింపారని చెబుతారు. అంత ఆకలి మీద ఉంటే ఏ చేపైనా అంతే.

వరంగల్_వాసు
మూర్తి అన్నా, మరీ అంత తేలిగ్గా కొట్టేయకు. 2013లో క్రిస్మస్ రోజున రొసారియోలో స్నానాలు చేసేవాళ్ల మీద పడి దాదాపు 70 మందిని కొరికాయి. పేపర్లన్నిటిలో వచ్చింది. అవి నదిలోనే కదా ఉన్నాయి, పడవలో కాదు.

మానౌస్_మూర్తి
వాసూ, రొసారియో అర్జెంటీనాలో ఉంది. అది పరానా నది, అమెజాన్‌కు దానికి సంబంధం లేదు. కొరికినవి పిరానా జాతికి దగ్గరి చేపలే, ఒప్పుకుంటా. ఆ రోజు విపరీతమైన ఎండ, జనం కిక్కిరిసి ఉన్నారు. వేళ్లకి, మడమలకి గాయాలయ్యాయి, ఎముకలగూళ్లేమీ తేలలేదు. మామూలుగా గుడ్లు పెట్టిన చోట కాలు పెడితే బెదిరించడానికి ఒక కాటు వేసి పోతాయి. నీళ్లు తగ్గి కుంటలుగా విడిపోయిన చోట మాత్రం దిగకూడదు, అక్కడ తిండి లేక ఉంటాయి. ఆ మాట ఇక్కడివాళ్లూ చెప్తారు.

వరంగల్_వాసు
అదే నేనంటున్నది. డిసెంబర్‌లో నీళ్లు తక్కువే కదా?

మానౌస్_మూర్తి
తక్కువే, అప్పుడప్పుడే పెరుగుతూ ఉంటాయి. అందుకే గైడు దిగమన్న చోటే దిగాలి. ఆ మాత్రం దానికి ట్రిప్పు మానేస్తే కోనసీమవాళ్లు పాముల భయంతో పొలానికి వెళ్లడం మానేయాలి.

సత్తిబాబు_సావోపౌలో
నేను మానౌస్ నుంచి, నది సముద్రంలో కలిసే వైపున్న బెలెం ఊరి దాకా లాంచీలో వెళ్లాను. పిరానా గురించి ఇన్ని మాటలా! ఆ నదిలో మనిషిని నిజంగా ఇబ్బంది పెట్టేది టేకు చేప. మన సముద్రంలో టేకు ఉంటుంది చూడండి, తోకలో ముల్లు ఉండేది, అదే రకం మంచినీళ్లలో ఉంటుంది. బురదలో, ఇసకలో ఒళ్లంతా కప్పుకుని పడుకుంటుంది, పైకి కళ్లు మాత్రం కనబడతాయి. అవి ఎక్కడ ఉన్నాయో తెలుసుకుని చూస్తే తప్ప కళ్లని కూడా గుర్తుపట్టలేం. దాని మీద కాలేస్తే తోక కొరడాలా లేస్తుంది. ముల్లుకి రెండు పక్కలా రంపపు పళ్లు, పైన విషపు పొర. చావడం అరుదు గాని, ఆ నొప్పికి మగాళ్లు కూడా కేకలు పెట్టి ఏడుస్తారు.

అక్కడివాళ్లు లోతు లేని నీళ్లలో అడుగు ఎత్తి వేయరు. పాదం నేలకి రాస్తూ, ఈడ్చుకుంటూ నడుస్తారు. అలికిడికి అది లేచి పోతుంది. కుట్టించుకుంటే ఓర్చుకోగలిగినంత వేడి నీళ్లలో కాలు పెట్టి కూర్చోబెడతారు, దానితో నొప్పి బాగా దిగుతుంది. ముల్లు విరిగి లోపల ఉండిపోతే ఆసుపత్రికే. మీ అబ్బాయికి ఈ నడక ఇప్పుడే నేర్పండి.

ఓరుగల్లు_పోరి
పాదం ఈడ్చుకుంటూ నడవడం మా తమ్మునికి పుట్టుకతోనే వచ్చు. వాణ్ని పంపిద్దామా?

డా_సుజాత
చేపలూ పాములూ అయ్యాక దోమ దగ్గరికి రండి. నీలవేణి గారూ, ఎల్లో ఫీవర్ టీకా వేయించుకున్నారా? ప్రయాణానికి కనీసం పది రోజుల ముందు వేయించుకోవాలి, ఆ పది రోజులయ్యాకే టీకా వేసినట్టు ఇచ్చే పసుపు కార్డు చెల్లుతుంది. ఒక్కసారి వేస్తే జీవితాంతం సరిపోతుంది. ఇది ఆరోగ్యం కోసమే కాదు, బ్రెజిల్ నుంచి వచ్చేవాళ్ల దగ్గర ఆ పసుపు కార్డు లేకపోతే మన విమానాశ్రయంలో దిగాక ఆరు రోజుల దాకా క్వారంటైన్‌లో పెట్టొచ్చు. అడవికి వెళ్లారా, సావో పౌలోలో ఫ్లాటులో కూర్చున్నారా అని ఎవరూ అడగరు, దేశం మొత్తానికి ఒకటే రూలు.

హైదరాబాద్‌లో అయితే నారాయణగూడ ఐపీఎం (ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ప్రివెంటివ్ మెడిసిన్)లో వేస్తారు. ఏ రోజుల్లో వేస్తున్నారో ముందు కనుక్కుని పాస్‌పోర్టు పట్టుకెళ్లండి. అత్తయ్యగారి విషయం వేరు. అరవై దాటాక మొదటిసారి వేయించుకుంటే తీవ్రమైన రియాక్షన్ వచ్చే ముప్పు మామూలు కంటే ఎక్కువ, అరుదే అయినా. ఆవిడకున్న జబ్బులు, మందులు అన్నీ చూసి డాక్టర్ తేల్చాలి. గుడ్డు ఎలర్జీ ఉన్నా చెప్పండి. వద్దంటే మానౌస్ సంగతి పక్కన పెట్టి, ఆవిడ బ్రెజిల్ ప్రయాణం గురించే మళ్లీ ఆలోచించుకోవాలి.

నీలవేణి_కె
అయ్యో, ఇది ఎవరూ చెప్పలేదు! టికెట్లు తీసేశాం. ట్రావెల్స్ అబ్బాయి "అంతా ఓకే మేడమ్" అన్నాడు. అత్తయ్యగారికి బీపీ, థైరాయిడ్ ఉన్నాయి. రేపే అపాయింట్‌మెంట్ తీసుకుంటా. మలేరియా కూడా ఉంటుందా అక్కడ?

డా_సుజాత
ఊళ్లో తక్కువ, అడవి లాడ్జీల వైపు ఉంటుంది. మాత్రలు కావాలా వద్దా అనేది మీరు ఉండే చోటుని బట్టి, కాబట్టి అదే అపాయింట్‌మెంట్‌లో అడగండి. పొడుగు చేతుల చొక్కాలు, దోమల క్రీము, దోమతెర తప్పనిసరి. పగలు కుట్టే దోమ డెంగీ, ఎల్లో ఫీవర్ తెస్తుంది, మలేరియాది చీకటి పడే వేళ నుంచి.

మానౌస్_మూర్తి
డాక్టరు గారు చెప్పినదానికి ఒకటి కలుపుతా. లాడ్జి రియో నెగ్రో వైపు తీసుకోండి. ఆ నది నీళ్లు అచ్చం టీ డికాక్షన్ రంగు. అడవిలో రాలిన ఆకులు నానీ నానీ దిగిన టానిన్ అదంతా. నీళ్లలో ఆమ్లం ఎక్కువ, పోషకాలు తక్కువ, దోమ పిల్లలు సరిగ్గా బతకవు. రాత్రి వరండాలో హాయిగా కూర్చోవచ్చు. సొలిమోయిస్ (మానౌస్‌కి ఎగువన అమెజాన్‌ని ఇక్కడ అలా పిలుస్తారు) వైపు బురద నీళ్లు, అక్కడ దోమలు మనవాటికి ఏమాత్రం తీసిపోవు.

ఈ రెండు నదులూ మానౌస్ దగ్గర కలుస్తాయి. కలుస్తాయనే గాని ఆరు కిలోమీటర్ల దాకా కలవవు! ఒక పక్క నలుపు, ఒక పక్క గోధుమ రంగు, మధ్యలో గీత. నెగ్రో వెచ్చగా ఉంటుంది, గంటకు రెండు కిలోమీటర్లు కదులుతుంది. సొలిమోయిస్ చల్లన, దాని వేగం రెట్టింపు పైనే, మోసుకొచ్చే ఒండ్రుతో బరువు కూడా ఎక్కువ. పడవ ఆ గీత మీద ఆపుతారు. చెయ్యి అటూ ఇటూ పెట్టి చూస్తే తేడా స్పష్టంగా తెలుస్తుంది. మీ అబ్బాయికి ఇది చూపించకుండా రావద్దు.

గోదారోడు
అన్నా, ఎంత పెద్దదది నిజంగా? మా గోదారి కన్నా ఎంత?

పాత_పేపరు
లెక్క నేను చెప్తాను. 1986 ఆగస్టు వరదలో ధవళేశ్వరం దగ్గర సుమారు 35 లక్షల క్యూసెక్కులు వచ్చింది. లంకలన్నీ మునిగిన ఆ రోజు మా తరం వాళ్లెవరూ మర్చిపోరు. అమెజాన్ సగటున సెకనుకు రెండు లక్షల ఘనపు మీటర్ల పైన సముద్రంలో పోస్తుంది. క్యూసెక్కుల్లోకి మారిస్తే 70 లక్షల పైమాట. అంటే 1986 గోదావరి రెండు కలిపితే అమెజాన్‌కి ఒక మామూలు రోజు. ప్రపంచంలో నదులన్నీ సముద్రంలోకి తెచ్చే మంచినీళ్లలో దాదాపు ఐదో వంతు ఇదొక్కటే తెస్తుంది.

పొడవులో మాత్రం నైలుదా, దీనిదా అని తగువు ఇంకా తెగలేదు. మొదలు ఎక్కడ, చివర ఎక్కడ అన్నదాని మీదే లెక్క మారిపోతుంది.

గోదారోడు
మామూలు రోజా!! సరే, ఇక మాట్లాడను.

కోనసీమ_కుర్రాడు
అంత నీళ్లుంటే ఒడ్డు ఎలా నిలుస్తుంది? మాకు ఇంత గోదారికే ఏటా ఎకరాలు పోతున్నాయి.

మానౌస్_మూర్తి
నిలవదు తమ్ముడూ. ఏటి కోత ఇక్కడా ఉంది, దానికి వేరే పేరే పెట్టుకున్నారు, తెర్రాస్ కయీదాస్ అని. వరద తీసి నీటి మట్టం గబగబా దిగుతుంది చూడు, అప్పుడు నానిన ఒడ్డుకి ఆసరా పోతుంది. చెట్లతో సహా పెద్ద పెద్ద దిబ్బలు ఒక్కసారిగా కూలతాయి. 2024 అక్టోబర్‌లో మానకాపురు అనే ఊళ్లో రేవు ఒడ్డు అలాగే కూలింది, ప్రాణాలు పోయాయి. అందుకే పడవని నిటారు ఒడ్డు పక్కన కట్టరు, దాని కింద స్నానానికి దిగరు. టూరిస్టు వీడియోల్లో ఇది కనబడదు, ఎందుకంటే పళ్లుండవు దీనికి.

ఇక్కడి నీటి మట్టం సంగతి వింటే ఇంకా ఆశ్చర్యపోతావు. మానౌస్ రేవులో 1902 నుంచి రోజూ కొలత రాస్తున్నారు. 2021 జూన్‌లో 30 మీటర్లు దాటింది. 2023 అక్టోబర్‌లో 12.7 మీటర్లకు పడిపోయింది, మరుసటేడు అంతకన్నా దిగింది. ఒకే రేవులో పదిహేడు మీటర్ల పైన తేడా. అందుకే రేవంతా నీళ్ల మీద తేలేలా కట్టారు. ఏటా మామూలుగా వచ్చే తేడాయే పది మీటర్లు.

శ్రీకాకుళం_శీను
మరి అనకొండ? ఎవరూ మాట్లాడరేం? నేను దాని కోసమే ఈ థ్రెడ్ తెరిచాను.

బయాలజీ_మేడం
శీనూ, ఆకుపచ్చ అనకొండ ప్రపంచంలో అతి బరువైన పాముల్లో ఒకటి, నిజమే. మనిషిని మింగినట్టు నమ్మదగిన రికార్డు ఒక్కటీ లేదు. ముప్పై అడుగులు దాటిన పాముని ప్రాణాలతో తెస్తే బహుమతి ఇస్తామని న్యూయార్క్‌లో ప్రకటించారు. మొదలుపెట్టింది పైన చెప్పిన రూజ్వెల్టే. వెయ్యి డాలర్లతో మొదలై యాభై వేల దాకా పెంచారు, ఎవరూ పట్టుకెళ్లలేకపోయారు. అరవై అడుగులు, వంద అడుగులు అన్నవాళ్లంతా ఆ డబ్బు ఎందుకు వదులుకున్నారో ఆలోచించు.

నన్నడిగితే ఆ నదిలో అసలు వింత ఎలక్ట్రిక్ ఈల్. పేరుకి ఈల్ (పాములాంటి చేప), నిజానికి ఈల్ కాదు, క్యాట్‌ఫిష్‌కి దగ్గరి చుట్టం. ఒంట్లో ఎక్కువ భాగం బ్యాటరీయే, వేలాది కణాలు వరసగా పేర్చినట్టుంటాయి. 2019లో కొత్తగా గుర్తించిన జాతి ఒకటి 860 వోల్టులు ఇచ్చింది. కరెంటు తక్కువ, అదీ సెకనులో అతి చిన్న భాగం, కాబట్టి షాకు కొట్టి చంపేస్తుందనడం అతిశయోక్తి. షాకుకి కాళ్లూ చేతులూ పట్టేసి మోకాలి లోతు నీళ్లలో మునిగిపోవడం అసలు ప్రమాదం. పిల్లలకు పాఠం చెప్పేటప్పుడు ఇక్కడ క్లాసంతా నిశ్శబ్దం అయిపోతుంది.

ఇంకోటి, నీలవేణి గారి వీడియోల్లో కాండిరు కూడా వచ్చే ఉంటుంది, మూత్రం ధారలోంచి ఎగబాకే చేప అని. అది ఇతర చేపల మొప్పల్లో దూరి రక్తం తాగే చిన్న చేప. ధారలోంచి ఎగబాకడం భౌతికశాస్త్రానికి కూడా ఒప్పదు. 1997లో ఒక కేసు అని చెప్తారు గాని, దాన్ని పరిశీలించిన వాళ్లకే అనుమానాలున్నాయి.

శ్రీకాకుళం_శీను
నా చిన్నప్పటి నుంచి పోగేసుకున్న భయాలన్నీ ఒక్క పోస్టుతో పోగొట్టేశారు మేడం. కనీసం సొరచేప అయినా ఉందా?

సత్తిబాబు_సావోపౌలో
ఉంది! బుల్ షార్క్ మంచినీళ్లలోకి కూడా వస్తుంది. పెరూలో ఇకిటోస్ దాకా దొరికింది, సముద్రం నుంచి మూడు వేల కిలోమీటర్ల పైన. సంతోషమా?

శ్రీకాకుళం_శీను
చాలా.

డా_సుజాత
సత్తిబాబు గారూ, లాంచీలో వెళ్లానన్నారు కదా, భద్రత ఎలా ఉంది? 2019లో కచ్చులూరు దగ్గర గోదావరిలో పడవ మునిగింది చూశాక నాకు ఏ నదిలో పడవన్నా మొదట లైఫ్ జాకెట్ గుర్తొస్తుంది.

సత్తిబాబు_సావోపౌలో
పెద్ద లాంచీల్లో జాకెట్లు ఉంటాయి, ఎక్కడున్నాయో ఎక్కగానే చూసుకోవాలి. మూడంతస్తుల లాంచీ, కింద సరుకు, పైన మనుషులు. సీట్లుండవు. ఎవరి ఊయల వాళ్లు తెచ్చుకుని పైకొక్కేలకు కట్టుకోవాలి. ముందొచ్చినవాడికి మంచి చోటు. ఇంజిను మీదా, బాత్రూముల పక్కనా కట్టారో, బెలెం దాకా జ్ఞాపకం ఉంటుంది. నా ఊయలకి రెండు పక్కలా జానెడు ఎడం లేకుండా ఇద్దరు, వాళ్ల పైన అడ్డంగా ఇంకొకాయన. రాత్రి ఒకరు పక్కకి తిరిగితే వరస మొత్తం ఊగేది. బ్యాగు తాళం వేసి తలకింద పెట్టుకోండి.

దారిలో ఒక చోట ఇద్దరు ఆడపిల్లలు చిన్న పడవలో వచ్చి లాంచీకి కొక్కెం తగిలించి రొయ్యలు అమ్మారు. ఇద్దరికీ జుట్టు బిగించి ముడి, పైన టోపీ. ఎండకేమో అనుకున్నా. పక్కనున్న పెద్దావిడ చెప్పింది. అక్కడి చిన్న పడవల్లో ఇంజిను మధ్యలో ఉంటుంది, దాని నుంచి వెనక ఫ్యాను దాకా షాఫ్ట్ పడవ అడుగున తిరుగుతూ ఉంటుంది, మూత ఉండదు. పడవలో చేరిన నీళ్లు తోడడానికి వంగిన ఆడపిల్ల జుట్టు దానికి చుట్టుకుంటే తల చర్మం మొత్తం ఊడొచ్చేస్తుంది. పారా, అమపా రాష్ట్రాల్లో ఇలా ఎంతోమంది. షాఫ్ట్ మీద మూత తప్పనిసరి అని 2009లో చట్టమే చేశారు, అయినా పాత పడవలు తిరుగుతూనే ఉన్నాయి. చిన్న పడవ ఎక్కేముందు నీలవేణి గారూ, మీ జడ సంగతి చూసుకోండి.

నీలవేణి_కె
చదువుతుంటేనే ఒళ్లు జలదరించింది. నాది నడుము దాటే జడ. ముడే వేసుకుంటాను, టోపీ కూడా.

ఓరుగల్లు_పోరి
ఇన్ని వీడియోలు తీసేటోళ్లు ఉన్నరు, దీని మీద ఒక్కడూ తీయడు చూడుండ్రి.

చేపల_చెరువు
కైకలూరు వైపు మాది చెరువు. ఇందాకటి నుంచి చదువుతున్నా. మీరంతా పిరానా పిరానా అంటుంటే నవ్వొస్తోంది. దాని పెదనాన్న కొడుకు మా చెరువులో ఉన్నాడు. రూప్‌చంద్! అది అమెజాన్ చేపే, బంగ్లాదేశ్ మీదుగా మన చెరువుల్లోకి వచ్చింది. నోరు తెరిచి చూస్తే పళ్లు అచ్చం మనిషి పళ్లు, కింది వరసలో దవడపళ్లు కూడా. లోడు పట్టేటప్పుడు కొత్త కూలీలు ఒక్కసారి చూసి వదిలేస్తారు. ఇప్పటికీ ప్రతి వానాకాలం ఏదో ఒక ఊళ్లో "వలలో పిరానా పడింది" అని టీవీలో వస్తుంది. అది రూప్‌చందే. తవుడు, మేత ఏదేసినా తింటుంది, శీలావతి కన్నా ముందే సైజుకొస్తుంది.

బయాలజీ_మేడం
సరిగ్గా చెప్పారు. ఆ పళ్లు గింజలు పగలగొట్టడానికి. జూన్ వరదకి అడవి మునిగినప్పుడు రూప్‌చంద్, దాని అన్న తంబాకీ చెట్ల మధ్యకి ఈదుకెళ్లి రాలిన పళ్లు తింటాయి, రబ్బరు గింజని కూడా కొరికేస్తాయి. పగలని గింజలు కడుపులో ప్రయాణం చేసి ఎక్కడో మైళ్ల దూరంలో మొలుస్తాయి. చేప అడవికి విత్తనాలు చల్లడం! చెరువులో తవుడు తినే చేపకి ఆ పని తెలిసే అవకాశమే లేదు.

కోనసీమ_కుర్రాడు
మా కాలవల్లో దెయ్యం చేప అని పడుతోంది, ఒళ్లంతా గట్టి పెంకు, వలలు చింపేస్తుంది. అదీ అక్కడిదేనా?

బయాలజీ_మేడం
అదీ దక్షిణ అమెరికాదే. అద్దాల తొట్టెలో పాచి తింటుందని కొంటారు, పెద్దదయ్యాక కాలవలో వదిలేస్తారు. గుర్రపుడెక్క కూడా అమెజాన్ దేశపుదే. పువ్వు బాగుందని బెంగాల్‌కి తెచ్చారు, ఇప్పుడు మన చెరువుల గతి చూస్తున్నారుగా. అక్కడ దాన్ని తినే పురుగులున్నాయి, ఏటా వరదకి కొట్టుకుపోతుంది. 1980లలో ఆ పురుగుల్నే తెప్పించి బెంగళూరులో వదిలారు, కొన్ని చోట్ల బాగానే పని చేశాయి.

పాత_పేపరు
కర్రపెండలం మర్చిపోయారు. దాని పుట్టిల్లు అమెజాన్ నైరుతి అంచు. మనకి పెద్దాపురం, సామర్లకోట వైపు సగ్గుబియ్యం అయింది.

మానౌస్_మూర్తి
ఇక్కడ చేదు రకం ఎక్కువ, పచ్చిగా తింటే సైనైడ్ విషం. తురిమి, చేంతాడంత పొడుగు అల్లిక గొట్టంలో కూరి వేలాడదీసి, కిందికి లాగి రసం పిండేస్తారు. పిప్పి పెనం మీద వేయిస్తే ఫరీన్యా, ప్రతి కూరలో చల్లుకుంటారు. ఆ విషపు రసాన్నే బాగా మరిగించి చారు పెడతారు. ఆ చారులో జంబు అని ఒక ఆకు వేస్తారు, నమిలితే నాలుక, పెదాలు తిమ్మిరెక్కుతాయి. గుంటూరు కారం తిన్నవాడు కూడా ఒక నిమిషం ఆగుతాడు.

వరంగల్_వాసు
మనవి తీసుకున్నారా వాళ్లు ఏమైనా?

పాత_పేపరు
తీసుకోకపోవడమేంటి, ఒంగోలు గిత్త! అక్కడ నెలోర్ అంటారు. పందొమ్మిదో శతాబ్దంలో ఓడల్లో వెళ్లిన జాతి, ఇవాళ బ్రెజిల్ మాంసం పశువుల్లో చాలా భాగం దాని సంతానమే. ఆ మధ్య ఒక నెలోర్ ఆవు మన డబ్బుల్లో 40 కోట్లు పలికిందని పేపర్లు రాశాయి. మన ఊళ్లో ఒంగోలు జాతి కోసం వెతుక్కోవాలి.

సత్తిబాబు_సావోపౌలో
పొంగిపోకండి సారూ. పారా రాష్ట్రంలో బస్సులో వెళ్తే రోడ్డుకి రెండు వైపులా గంటల తరబడి గడ్డి, తెల్లటి మూపురాలు. అదంతా ఒకప్పుడు అడవి. అమెజాన్ అడవి ఐదో వంతుకు దగ్గరగా పోయింది, పోయిన చోట ఎక్కువ భాగం పశువుల మేతకే. ఎండకీ పిడుదులకీ తట్టుకునే జాతి మనది కాబట్టే అక్కడ నిలిచింది.

పాత_పేపరు
గిత్త వెళ్లి గొడ్డలి పట్టుకుందా? నరికింది వాళ్లు.

సత్తిబాబు_సావోపౌలో
గిత్తని ఎవరన్నారు? ఆవు ధర చూసి చప్పట్లు కొట్టేముందు ఆ గడ్డి ఎక్కణ్నుంచి వచ్చిందో చూడమంటున్నా. ఆ అడవి చెట్లు రోజూ ఆకుల్లోంచి గాల్లోకి వదిలే నీరు, అమెజాన్ నది రోజూ సముద్రంలో పోసే దాని కన్నా ఎక్కువని శాస్త్రవేత్తల అంచనా. ఆ ఆవిరే దక్షిణానికి వెళ్లి సావో పౌలోలో మాకు వానవుతుంది. నరికితే మా కుళాయికే నష్టం.

మానౌస్_మూర్తి
ఇక్కడ నష్టం కళ్లతోనే చూశాం. 2023 సెప్టెంబర్, అక్టోబర్‌లో తెఫే సరస్సులో నీళ్లు దిగిపోయి, వేడి 39 డిగ్రీలు దాటింది. 150కి పైగా డాల్ఫిన్లు తేలాయి. ఇక్కడి గులాబీ రంగు డాల్ఫిన్ మెడ ఎముకలు అతుక్కుని ఉండవు, మునిగిన చెట్ల కొమ్మల మధ్య తల అటూ ఇటూ తిప్పి వేటాడుతుంది. మామూలు రోజుల్లో పడవ పక్కనే బుసకొట్టి లేస్తుంది. జూన్ పండగల్లో అదే తెల్ల సూటు వేసుకున్న అందగాడై, తల మీద రంధ్రం కనబడకుండా టోపీ పెట్టుకుని ఊళ్లోకి వస్తుందని కథ. తండ్రి ఎవరో తెలియని బిడ్డని "డాల్ఫిన్ బిడ్డ" అంటారు.

శ్రీకాకుళం_శీను
ఆ టోపీ పెట్టుకున్న పెద్దమనుషులు మా వైపూ ఉన్నారు, చేపలు మాత్రం కాదు.

నీలవేణి_కె
సగం థ్రెడ్ మా అబ్బాయికి చదివి వినిపించాను. ఈల్ కావాలంటున్నాడు. ఇంతకీ డిసెంబర్ మంచిదా, టికెట్ మార్చుకుని జూన్‌లో వెళ్లాలా? అత్తయ్యగారి టీకా కూడా తేలాలి కదా.

మానౌస్_మూర్తి
రెండు కాలాల్లో రెండు వేరే నదులు అనుకోండి. జూన్‌లో పడవ చెట్ల నడినెత్తిన వెళ్తుంది, కోతులు, బద్ధకపు స్లోత్‌లు మీ కళ్ల ఎత్తులో ఉంటాయి. విక్టోరియా తామర ఆకులు అప్పుడు బాగుంటాయి, పెద్దవి మూడు మీటర్ల వెడల్పు. పువ్వు మొదటి రాత్రి తెల్లగా విచ్చి, లోపలికొచ్చిన పెంకు పురుగుల్ని తెల్లవారే సరికి మూసేసి, మర్నాటి రాత్రి గులాబీ రంగులో వదులుతుంది. డిసెంబర్‌లో ఇసక తిన్నెలు, మొసళ్ల జాతి కేమన్‌లు, కుంటల చుట్టూ పక్షులు. వానలు మొదలవుతాయి గాని మధ్యాహ్నం ఒక దంచుడు దంచి పోతాయి. రెండు నదుల గీత ఏ నెలలోనైనా ఉంటుంది. పెద్దావిడ ఉన్నారు కాబట్టి ఒక మాట, డిసెంబర్‌లో నీళ్లు బాగా దిగి ఉంటే పడవ నుంచి లాడ్జికి ఎక్కే మెట్లు చాలా ఉంటాయి. ఆ లెక్క లాడ్జివాళ్లని అడిగాకే బుక్ చేయండి.

చేపల_చెరువు
మూర్తి గారూ, మధ్యలో అడుగుతున్నా. పైన తంబాకీ అన్నారు కదా, దాన్ని అక్కడ ఎలా తింటారు? పులుసా, వేపుడా?

మానౌస్_మూర్తి
పక్కటెముకల ముక్క వేరుగా కోసి అమ్ముతారు. ఉప్పు, నిమ్మకాయ రాసి బొగ్గుల మీద కాలుస్తారు, కొవ్వు కారుతూ ఉంటుంది. ఎముక చేత్తో పట్టుకుని తినడమే. పెద్ద చేపైతేనే ఆ ముక్క బాగుంటుంది.

చేపల_చెరువు
మేం కిలోకి రాగానే ఐసు వేసి లారీ ఎక్కించేస్తున్నాం. ఈసారి ఓ పాతిక చేపల్ని చెరువులోనే వదిలేసి పెంచి చూస్తా. పక్క ముక్క, బొగ్గులు. కారం మాత్రం మనదే.

గోదారోడు
పట్టుబడి రోజు ఎప్పుడో చెప్పు బాబాయ్, బొగ్గులు నేను తెస్తా.